తోళ్ల మూటతో వచ్చిన సువార్త

పఠన భాగములు: అపొస్తలుల కార్యములు 9:43, 10:1–23, 11:19–26, 1 కొరింథీయులకు 1:26–31



గత మిరప కోతల కాలములో ఒక సాయంకాలము నేను మన సంఘస్థుల కల్లము యొద్దకు వెళ్లితిని. తల్లులు వరుసగా కూర్చుండి తాలుకాయలు ఏరుచుండిరి. గుంటూరులో చదువుకొనుచున్న ఒక చిన్నవాడు సెలవులకు వచ్చి తల్లి ప్రక్కన కూర్చుండి యుండెను. అతడు నన్ను చూచి, “అయ్యగారూ, కాలేజీలో ఒకడు నన్ను అడిగాడండి. మీ మతం దొరలు తెచ్చిందేగా, కరువులో గంజి పోసి మిమ్మల్ని కలుపుకున్నారుగా అన్నాడు. నాకు జవాబు రాలేదండి” అనెను.

అతని తల్లి చేయి కాయలమీద ఆగెను. “మా తాత ఏదో చెబుతుండేవాడయ్యగారూ, మన పెద్దలు దేవుణ్ణి ఎట్లా నమ్ముకున్నారో. చిన్నదాన్ని, సరిగా వినలేదు” అని ఆమె తల వంచుకొనెను.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. చిన్నవాని ప్రశ్నకంటె ఆ తల్లి మాటయే నన్ను ఎక్కువగా బాధించెను. ఇశ్రాయేలీయులు ప్రతి పస్కా రాత్రియు పిల్లలు అడుగుదురనియు, తండ్రులు జవాబు చెప్పవలెననియు దేవుడు ముందుగానే నియమించెను. మనమో పిల్లలు అడుగువరకు వచ్చినను చెప్పలేకపోవుచున్నాము. గనుక ఈ మాసపు పాఠములో ఆ జవాబును నేర్చుకొందము.

1. చర్మకారుని యింట దిగిన అపొస్తలుడు

యొప్పేలో పేతురు ఎవరి యింట దిగెనో లూకా మరి మరి వ్రాసెను. అది చర్మకారుడైన సీమోను ఇల్లు. యూదులలో చచ్చిన పశువును ముట్టినవాడు అశుచి. తోళ్లు ఊనువాని ఇల్లు సముద్రపు ఒడ్డున, ఊరికి ఎడముగా ఉండెను. మన పల్లెలు ఊరికి ఎడముగా ఎందుకున్నవో ఎరిగినవారికి ఈ సంగతి విప్పి చెప్పనక్కరలేదు. అయినను అన్యజనులకు ద్వారము తెరువబడిన దర్శనము పేతురునకు కలిగినది యెరూషలేము దేవాలయములో కాదు, ఆ తోళ్ల వాసనగల యింటి మిద్దెమీదనే.

పదకొండవ అధ్యాయములో మరియొక సంగతి కలదు. అంతియొకయలో గ్రీసుదేశస్థులకు మొదట సువార్త చెప్పినవారు అపొస్తలులు కారు. కుప్రీయులును కురేనీయులునైన కొందరు ఆ పని చేసిరి. వారి పేర్లైనను వ్రాయబడలేదు. బర్నబా తరువాత వచ్చెను, పౌలు ఇంకను తరువాత వచ్చెను. పెద్ద బోధకులు వచ్చునప్పటికే సామాన్యులు విత్తనము చల్లియుండిరి. ఈ రెండు సంగతులను మనస్సున ఉంచుకొని మన సీమ చరిత్రలోనికి రండి.

2. దొరలు చేసినది ఎంత?

ముందుగా న్యాయముగా మాటలాడవలెను. మిషనెరీల ప్రయాసను తక్కువ చేయుట కృతఘ్నత. శామ్యూల్ డే గారు 1836లో తెలుగుదేశమునకు వచ్చి 1840లో నెల్లూరున స్థిరపడిరి. లూథరన్ మిషనెరీయగు హేయర్ గారు 1842 జూలై 31న గుంటూరు చేరి అక్కడ పని ఆరంభించిరి. తరువాత పల్నాటి ఎండలలోనికిని వెళ్లిరి. అన్నా కూగ్లర్ దొరసానిగారు 1883లో గుంటూరు వచ్చి స్త్రీలకు వైద్యము చేయుటలో జీవితమును ధారపోసిరి. ఆమె ఆసుపత్రిలో కన్నుతెరచినవారి సంతతి మనలో నేటికిని ఉన్నది.

అయితే నెల్లూరు పని చాలకాలము ఫలించలేదు. అమెరికాలోని మిషను సభవారు దానిని మూసివేయుదుమా అని ఒకసారి కాదు, అనేకసారులు తర్కించిరి. 1853లో ఆ చర్చ జరిగినప్పుడు దేశపటముపైన ఒంటరి నక్షత్రమువలె ఉన్నదని దానికి “ఒంటరి నక్షత్రము” అను పేరు వచ్చెను. 1854 జనవరి 1న తెల్లవారుజామున ఒంగోలు దగ్గరి కొండమీద అయిదుగురు కూడి ప్రార్థన చేసిరి. వారు జ్యూయెట్ దొరగారు, దొరసానిగారు, మరి ముగ్గురు తెలుగు విశ్వాసులు. నేడు మనము ప్రార్థనకొండ అని పిలుచుచున్నది దానినే. ఆ అయిదుగురిలో ముగ్గురు మనవారు. ఈ లెక్కను పిల్లలకు నేర్పుడి.

3. తోళ్ల వర్తకుడైన పేరయ్య

కనిగిరి సీమలో తలకొండపాడు అను గ్రామము కలదు. అక్కడ యెర్రగుంట్ల పేరయ్య అను మాదిగ కులస్థుడు ఉండెను. తోళ్లు కొని అమ్ముట అతని వృత్తి. చదువు లేనివాడే గాని సత్యమునకై ఆకలిగొనినవాడు. సువార్త వినక మునుపే రాజయోగ మార్గములో గురువులయొద్ద ఉపదేశము పొంది, విగ్రహములవలన మేలు లేదని గ్రహించి, శిష్యులకు బోధించుచుండెను. ఆ గురువులలో ఒక స్త్రీయు ఉండెను. కావున పేరయ్య గంజికొరకు వెదకినవాడు కాడు. దేవుని కొరకు వెదకినవాడు.

వర్తకముమీద ఉత్తరాదికి పోయినప్పుడు ఏలూరు ప్రాంతమున ఒక మిషనెరీ బోధ అతని చెవిని పడెను. విన్నది మరువలేదు. తోళ్లతోకూడ ఆ మాటను ఇంటికి మోసికొనిపోయెను. 1866 మార్చి మాసములో భార్యయగు నాగమ్మతో ఒంగోలుకు నడచివచ్చి జ్యూయెట్ గారివలన బాప్తిస్మము పొందెను. క్లౌ దొరగారు ఒంగోలులో కాపురము పెట్టినది ఆ సంవత్సరము సెప్టెంబరులో. తేదీలను గమనింపుడి. దొరగారు రాకమునుపే పేరయ్య వచ్చెను.

బాప్తిస్మము పొందినవాడు మిషను కాంపౌండులో నిలిచిపోలేదు. తన పల్లెకు, తన చుట్టాల యొద్దకు తిరిగిపోయెను. చెప్పులు కుట్టువారి మధ్య కూర్చుండి, వారి భాషలో, వారి సామెతలలో యేసును గూర్చి చెప్పెను. పది నెలలు ఆ పని జరిగెను. 1867 జనవరిలో క్లౌ గారు తలకొండపాడు వెళ్లునప్పటికి చుట్టుప్రక్కల గ్రామములవారు కొన్ని దినముల భోజనము మూటకట్టుకొని చింతతోపులో కాచుకొనియుండిరి. అక్కడ 28 మంది బాప్తిస్మము పొందిరి. ఆ నెల మొదటి దినమున ఒంగోలులో స్థాపింపబడిన సంఘములో సభ్యులు ఎనిమిదిమందియే! చింతతోపు ఒక్క దినములో పట్టణ సంఘమును మించిపోయెను. కోసినవారు క్లౌ గారు కావచ్చును గాని దున్ని విత్తినది పేరయ్య.

నేను సెమినరీలో చదువుకొను దినములలో మిషనెరీలు వచ్చిన సంవత్సరములను వరుసగా అప్పజెప్పుచుంటిమి. పేరయ్య పేరు మాత్రము ఒక్క పరీక్షలోను అడుగబడలేదు. తరువాత తెలిసినదేమనగా, క్లౌ గారి రెండవ భార్యయగు ఎమ్మా గారు వృద్ధులైన బోధకుల నోట విని ఈ వృత్తాంతములను వ్రాసి 1899లో ఇంగ్లీషున పుస్తకముగా అచ్చువేయించిరి. మన తాతల మాట పరాయి భాషలో నిలిచెను, మన ఇండ్లలో మాసిపోయెను.

4. మూయబడిన బావి

క్రొత్త విశ్వాసులకు మూడు నియమములు చెప్పబడెను. ఆదివారము పని చేయరాదు. చచ్చిన పశువు మాంసము తినరాదు. విగ్రహములను మ్రొక్కరాదు. వినుటకు ఇవి చిన్నవి. కాని ఊరి కట్టుబాటు అంతయు ఈ మూడింటిమీదనే కదలెను. జాతరలో డప్పు కొట్టుట వారి వంతు. డప్పు ఆగగానే ఊరి పెద్దలకు కోపము వచ్చెను.

అప్పుడేమి జరిగినదో వినుడి. చాకలి వారి బట్టలు ఉతుకరాదని కట్టడి చేసిరి. కుమ్మరి వారికి కుండలు అమ్మరాదనిరి. పశువులను మేత బీడునుండి తోలివేసిరి. చెప్పులు, మోకులు కుట్టు పని ఇయ్యమనిరి. కోతలనాడు కల్లములో రావలసిన మేరను ఆపిరి. నీళ్లు తోడుకొనుటకు అడ్డు పెట్టిరి. ఇట్లుండగా బువ్వకొరకు కలిసిరను మాట ఏలాగు నిలుచును? మొదట కలిసినవారు ఉన్న బువ్వను పోగొట్టుకొనిరి.

ఆ దినములలోనే ఒంగోలులోని పై కులములవారు కొందరు క్లౌ గారి యొద్దకు వచ్చి, ఈ మాదిగలను చేర్చుకొనకుండిన యెడల తాము వచ్చెదమని సూచించిరి. దొరగారు కలవరపడి తన గదిలో బైబిలు తెరచిరి. దొరసానిగారు వేరొక గదిలో తెరచిరి. ఇద్దరికిని కనబడినది ఒకే భాగము. కొరింథు సంఘములో గొప్ప వంశస్థులు కొద్దిమందియే యని పౌలు చెప్పిన ఆ మాటలే మన పఠన భాగములో ఉన్నవి. వారు పేదలను విడువలేదు. సంఖ్యకొరకును గౌరవముకొరకును ఒక సహోదరుని గుమ్మము బయట నిలుపు సంఘము క్రీస్తు సంఘము కాదని ఆ దినమున తేలిపోయెను.

5. కరువు, కాలువ, గుండ్లకమ్మ

1876 మొదలు 1878 వరకు మన దేశమున గొప్ప కరువు వచ్చెను. ప్రభుత్వము బకింగ్‌హాం కాలువ త్రవ్వకమును కరువుపనిగా చేపట్టెను. క్లౌ గారు యౌవనమున భూమి కొలతల పని నేర్చినవారు గనుక సుమారు మూడున్నర మైళ్ల కాలువకు కంట్రాక్టు పట్టి వేలమంది ఆకలిగొనినవారికి కూలి కల్పించిరి. మన బోధకులు మేస్త్రీలై పని చేయించుచు, కూలీలు అలసి కూర్చున్నప్పుడు దేవుని మాట చెప్పిరి.

ఆ చిన్నవానిని అడిగినవాడు ఎత్తిచూపునది ఈ కాలమునే. అతనికి చెప్పవలసిన సంగతి యిది. కరువుపని జరుగుచున్నంతకాలము, పదిహేను నెలలు, క్లౌ గారు ఒక్కరికిని బాప్తిస్మము ఇయ్యనియ్యలేదు. గుంపులు గుంపులుగా వచ్చి బతిమాలినను నిలిపివేసిరి. అన్నముకొరకు కలుపుకొనిరను నింద రాకూడదనియే ఆలాగు చేసిరి. కాలువ పని ముగిసిన తరువాతనే ద్వారము తెరిచిరి.

1878 జూలైలో ఒంగోలుకు ఉత్తరమున గుండ్లకమ్మ ఒడ్డుననున్న వెల్లంపల్లి యొద్ద జనులు కూడిరి. 2వ తేదీన 614 మంది, 3వ తేదీన 2,222 మంది, 4వ తేదీన 700 మంది, మొత్తము 3,536 మంది బాప్తిస్మము పొందిరి. ఈ లెక్క లోకమంతయు ఎరుగును. ఎక్కువమంది ఎరుగనిది మరియొకటి కలదు. ఆ నీళ్లలో దిగి బాప్తిస్మమిచ్చినవారు ఆరుగురు తెలుగు బోధకులు. ఇద్దరు అలసిన తరువాత ఇద్దరు దిగుచుండిరి. దొరగారు గట్టున నిలిచిరి.

వచ్చినవారందరు పూర్తిగా గ్రహించి వచ్చిరని నేను చెప్పను. ఆకలి అనేకుల మనస్సును మెత్తపరచియుండును. చుట్టాలు పోవుచున్నారని పోయినవారును ఉందురు. తప్పిపోయిన కుమారుడు తండ్రియింటిని జ్ఞాపకము చేసికొన్నదియు ఆకలివేళనే గదా! ఏ మార్గమున వచ్చెనని తండ్రి అడుగలేదు. వచ్చిన తరువాత ఇంట నిలిచెనా అన్నదే ప్రశ్న. తరతరములుగా ఆ పల్లెలలో నిలిచియున్న గుడులే దానికి జవాబు.

6. కొరియా దేశపు పేరయ్య

ఇది మన సీమలో మాత్రమే జరిగినదని తలంపకుడి. ప్రభువు వేరొక దేశములోను ఇట్లే చేసెను. కొరియా అను తూర్పుదేశము ఆ కాలమున పరదేశులకు తలుపులు మూసికొని యుండెను. మిషనెరీలు ప్రవేశింపలేరు. అయితే వర్తకులు సరిహద్దు దాటి మంచూరియాకు పోవుచుండిరి. వారిలో సొ సాంగ్‌ర్యూన్ అను నతడు జిన్సెంగ్ అను మందువేరును అమ్మువాడు. పరదేశమున జబ్బుపడి చావవలసినవాడు మిషనెరీల ఆదరణవలన బ్రదికి, క్రీస్తును నమ్మెను. అచ్చట జాన్ రాస్ అను స్కాట్లండు మిషనెరీ కొరియా వర్తకుల సహాయముతో సువార్తలను వారి భాషలోనికి మార్చుచుండెను. లూకా సువార్త 1882లోను, క్రొత్త నిబంధన అంతయు 1887లోను అచ్చయ్యెను. సొ గారు ఆ పుస్తకములను రహస్యముగా సరిహద్దు దాటించి సోరే అను గ్రామములో తన వారికి బోధించెను.

1885 ఏప్రిల్ 5న, ఈస్టరు ఆదివారమున, అండర్‌వుడ్, అప్పెంజెల్లర్ అను మిషనెరీలు కొరియా రేవున దిగిరి. అప్పటికే సోరేలో విశ్వాసులు కూడుకొనుచుండిరి. 1887లో వారిలో కొందరు అండర్‌వుడ్ గారి చేత బాప్తిస్మము పొందిరి. 1895లో సోరే వారు తమ సొంత సొమ్ముతో మందిరము కట్టుకొనిరి. మందువేరు మూట, తోళ్ల మూట! రెండు దేశములలోను దేవుడు వర్తకుని భుజముమీదనే సువార్తను మోయించెను.

1906లో ఒక అమెరికా సేవకుడు కొరియాకు వెళ్లి, వేల్సు దేశములోను మన ఇండియాలోను కలిగిన ఉజ్జీవమును వివరించెను. అది విన్నవారిలో ఆశ రగులుకొనెను. 1907 జనవరిలో ప్యాంగ్‌యాంగ్ పట్టణమున గొప్ప ఉజ్జీవము వచ్చెను. అది ఎట్లు కదలినదో చూడుడి. గిల్ సన్‌జూ అను పెద్ద సభలో లేచి, చనిపోయిన స్నేహితుడు తనకు అప్పగించిన ఆస్తిలోనుండి తాను సొమ్ము కాజేసితినని ఒప్పుకొని, విధవరాలికి తిరిగి యిచ్చెదననెను. అప్పుడు జనులు ఒకరి తరువాత ఒకరు లేచి పాపములు ఒప్పుకొనిరి. ఆ సంవత్సరమే ఏడుగురు కొరియావారు పాదిరులుగా అభిషేకము పొందిరి. వెంటనే ఆ ఏడుగురిలో ఒకరిని దూరపు జేజూ ద్వీపమునకు మిషనెరీగా పంపిరి. పుచ్చుకొన్న దినముననే ఇచ్చుట మొదలుపెట్టిరి. నేడు దక్షిణ కొరియా సంఘములు అనేక దేశములకు మిషనెరీలను పంపుచున్నవి.

7. మనకు కలుగు పాఠములు

మొదటిది, సిగ్గుపడకుడి. సువార్త పుట్టినది ఇంగ్లండులో కాదు, అమెరికాలో కాదు. యెరూషలేములో పుట్టి, చర్మకారుని యింటి మీదుగా లోకమునకు బయలుదేరి, తోళ్ల వర్తకుని మూటతో మన పల్లెకు వచ్చెను. ఈ మాటను మీ పిల్లలకు సాయంకాల ప్రార్థనలో చెప్పుడి. మీ ఇంటిలో మొదట నమ్మిన తాత పేరు, అవ్వ పేరు బైబిలు అట్ట లోపల వ్రాసి ఉంచుడి.

రెండవది, మోయుడి. పత్తితీతకు ఆటోలలో పొరుగు గ్రామములకు పోవు తల్లులారా, టిక్కీలతో మిరపయార్డుకు పోయి రాత్రి అక్కడనే పండుకొను అన్నలారా, మీరు పోవు చోట్లకు పాదిరి పోలేడు. పేరయ్యకు జీతము లేదు, మైకు లేదు. నోరు ఉండెను, నడత ఉండెను. తూకములో మోసము చేయని వర్తకుని మాట వినుటకు జనులు సిద్ధముగా ఉందురు.

మూడవది, మీ చేతితో మీరు కట్టుడి. పైనుండి సొమ్ము వచ్చువరకు గుడి రేకులు మార్చమని కూర్చుండుట పేరయ్య పిల్లలకు తగదు. పూట పూటకు తీసి ఉంచు పిడికెడు బియ్యము చిన్నదికాదు.

నాలుగవది చెప్పుటకు నాకే సిగ్గుగా ఉన్నది. ఒకప్పుడు నేను ఒక గ్రామమున రెండు పల్లెలవారికి రెండు చోట్ల, రెండు బల్లలమీద ప్రభు సంస్కారము ఇచ్చితిని. ఒక పల్లెవారు రెండవ పల్లెవారి గిన్నె ముట్టమనిరి. గొడవ ఎందుకని నేను ఊరకుంటిని. బావి మూసినవారిని నిందించు మనము, మన సహోదరునికి ప్రభువు గిన్నెను మూసివేసితిమి. ఆ రాత్రి క్లౌ గారు తెరచిన భాగమే నేను తెరువవలసి యుండెను గాని తెరువలేదు. సభలో నిలిచి కాజేసిన సొమ్ము ఒప్పుకొన్న ఆ కొరియా పెద్దను తలంచి, నేనును ఈ పత్రికలో మీ యెదుట ఒప్పుకొనుచున్నాను. మాల అని, మాదిగ అని, లూథరన్ అని, బాప్తిస్టు అని గోడలు కట్టుకొని ఉజ్జీవము పంపుమని అడుగుటలో ప్రయోజనము లేదు. ఉజ్జీవము తిరిగి ఇచ్చుటతో మొదలగును. సహోదరునికి అతని చోటు తిరిగి ఇయ్యవలెను.

ఆ కల్లములో అడిగిన చిన్నవానికి నా జవాబు ఇదియే. నాయనా, నీ స్నేహితునితో కోపపడకుము. “మా తాతలు గంజికి పోలేదు. దేవుణ్ణి వెదికారు, ఉన్న బావిని పోగొట్టుకున్నారు, అయినా వెనక్కి తిరగలేదు” అని చెప్పుము. చెప్పిన తరువాత అతనిని మన ఇంటికి భోజనమునకు పిలువుము.

చర్చించుటకు ప్రశ్నలు

1. పేతురు చర్మకారుని యింట దిగుటవలన ఏమి నేర్చుకొనుచున్నాము?
2. 1866 మార్చికిని 1867 జనవరికిని మధ్య పేరయ్య ఏమి చేసెను? మన సంఘములో ఆ పని ఎవరు చేయుచున్నారు?
3. కరువుపని ముగియువరకు బాప్తిస్మమును ఆపుట సరియైనదా? మీ అభిప్రాయము చెప్పుడి.
4. మన గ్రామములో మనము మూసిన బావి ఏది? దానిని ఎప్పుడు తెరుతుము?

ప్రార్థన

ప్రభువా, పేరులేని సామాన్యుల నోట నీ మాటను ఉంచినందుకు స్తోత్రము. మా పెద్దలు పోగొట్టుకొన్నవాటిని మేము మరువకుండ చేయుము. మా పిల్లలకు జవాబును, మా పాదములకు ప్రయాణమును, మా బల్లయొద్ద సహోదరునికి చోటును దయచేయుము. యేసు నామమున అడుగుచున్నాము. ఆమేన్.